నికొలాయ్ టాల్‌స్టాయ్ పుస్తకాలు ఎలా చదవాలి: యాల్టా నుంచి మెర్లిన్ దాకా

1945 మే 28. ఆస్ట్రియాలోని లియెంజ్ పట్టణం చుట్టుపక్కల, రెండో ప్రపంచ యుద్ధంలో జర్మన్ల పక్షాన పోరాడి, బ్రిటిష్ సైన్యానికి లొంగిపోయి విడిది చేసిన కొసాక్ (దక్షిణ రష్యా ప్రాంతపు యోధ తెగ) అధికారులకు ఒక కబురు అందింది. ఫీల్డ్ మార్షల్‌తో సమావేశం ఉందని, సాయంత్రానికల్లా తిరిగి వచ్చేస్తారని, సామాన్లు వెంట తీసుకోనవసరం లేదని చెప్పారు. వందలాది మంది అధికారులు ఆ మాట నమ్మి లారీలెక్కారు. లారీలు స్పిట్టాల్‌లో ముళ్లకంచె వేసిన శిబిరం ముందు ఆగాయి. మర్నాడు జూడెన్‌బర్గ్ వంతెన దగ్గర వారిని సోవియట్ సైన్యానికి అప్పగించారు. జూన్ 1న లియెంజ్ పక్కనే ఉన్న పెగ్గెట్జ్ శిబిరంలో మిగిలిన కొసాక్కుల వంతు వచ్చింది. ఆడవాళ్లు, పిల్లలు, పూజారులు ప్రార్థన చేస్తూ గుమిగూడి ఉంటే సైనికులు వారిని కర్రలతో, తుపాకీ మడమలతో విడదీసి రైళ్లలోకి ఎక్కించారు.

ఈ కథను సామాన్య పాఠకుల ముందు నిలబెట్టినవారిలో నికొలాయ్ టాల్‌స్టాయ్ ముఖ్యులు. 1935లో ఇంగ్లండ్‌లో పుట్టారు. తండ్రి రష్యా నుంచి వలస వచ్చిన కుటుంబానికి చెందిన న్యాయవాది. ప్రఖ్యాత నవలాకారుడు లియో టాల్‌స్టాయ్‌తో ఈయనకు ఉన్నది దూరపు చుట్టరికమే. యుద్ధకాలపు ద్రోహం గురించి రాసిన చేత్తోనే ఆయన బ్రిటన్ ఐతిహ్యాల్లోని మాంత్రికుడు, ఆరో శతాబ్దపు మెర్లిన్ గురించీ, ఇంగ్లండ్‌లోని ప్రాచీన రాతి కట్టడం స్టోన్‌హెంజ్ రాళ్ల గురించీ రాశారు. ఈ రెండు రకాల పుస్తకాలనూ కలిపి ఎలా చదవాలో చెప్పడమే ఈ వ్యాసం పని. విడివిడిగా చదివితే వీటిలో సగమే అర్థమవుతుందని నా నమ్మకం. నేను వీటిని తప్పు వరుసలో మొదలుపెట్టాను. ఆరోపణల పుస్తకం ముందు చదివి, కోపంతో ఊగిపోయి, ఆధారాలను తూచే ఓపిక కోల్పోయాను. మీకు ఆ ఇబ్బంది రాకూడదు.

మొదటి పుస్తకం ఏది?

1977లో వచ్చిన 'విక్టిమ్స్ ఆఫ్ యాల్టా'తో మొదలుపెట్టండి. అమెరికాలో ఇదే పుస్తకం 'ది సీక్రెట్ బిట్రేయల్' అనే పేరుతో వచ్చింది కాబట్టి రెండూ వేర్వేరు పుస్తకాలనుకుని రెండుసార్లు కొనకండి. 30 ఏళ్ల గడువు తీరి బ్రిటిష్ ప్రభుత్వ దస్త్రాలు బయటికి వచ్చిన తర్వాత రాసిన పుస్తకం ఇది. అప్పటికి మూడేళ్ల ముందే, 1974లో, నికొలస్ బెథెల్ ఇదే విషయంపై 'ది లాస్ట్ సీక్రెట్' రాశారు. అది చిన్నది, సూటిగా సాగుతుంది. మీకు యుద్ధ చరిత్ర కొత్త అయితే దాన్ని ముందు చదివి టాల్‌స్టాయ్ దగ్గరికి రావచ్చు.

మొదటి అధ్యాయాలు చదివేటప్పుడు ఒక ప్రశ్న చేతిలో పెట్టుకోండి: బ్రిటన్ దీనికి ఎందుకు ఒప్పుకుంది? 1944 వేసవిలో నార్మండీలో పట్టుబడిన జర్మన్ సైనికుల్లో జర్మన్ దుస్తులు తొడుక్కున్న రష్యన్లు కనిపించారు. వారిని తిప్పి పంపితే చంపేస్తారని మంత్రి లార్డ్ సెల్బోర్న్ అప్పుడే అభ్యంతరం చెప్పాడు. విదేశాంగ మంత్రి ఆంథొనీ ఈడెన్ మాత్రం అప్పగించాలనే పట్టుబట్టాడు. జర్మన్ శిబిరాల్లో మగ్గుతున్న వేలాది బ్రిటిష్ యుద్ధఖైదీలను విడిపించబోయేది ఎర్రసైన్యం. స్టాలిన్‌కు కోపం తెప్పిస్తే వాళ్లు ఇంటికి ఎప్పుడొస్తారో ఎవరు చెప్పగలరు? ఈ భయాన్ని పక్కన పెట్టి చదివితే ఈడెన్ కేవలం రాతిగుండె మనిషిలా కనిపిస్తాడు. దాన్ని లెక్కలోకి తీసుకున్నాక కూడా ఆయన నిర్ణయం తప్పనే నేను అంటాను. కానీ అది ఏ రకం తప్పో అప్పుడే తెలుస్తుంది.

చిన్న హెచ్చరిక. 1944 అక్టోబరులో చర్చిల్, ఈడెన్ మాస్కో వెళ్లి స్టాలిన్‌ను కలిసిన సమావేశానికి పెట్టిన రహస్య నామం 'టాల్‌స్టాయ్'. నాటి పత్రాల్లో ఆ పేరు కనబడితే అది సమావేశం పేరు, మన రచయిత పేరు కాదు. ఖైదీల అప్పగింతపై ఈడెన్ మాట ఇచ్చింది ఆ సమావేశంలోనే. ఆ అప్పగింత ఒప్పందంపై 1945 ఫిబ్రవరి 11న, మిత్రరాజ్యాల నేతలు సమావేశమైన క్రిమియా పట్టణం యాల్టాలో సంతకాలయ్యాయి. పాశ్చాత్య సైన్యాల చేతుల్లోంచి సోవియట్ యూనియన్‌కు వెళ్లినవారు మొత్తం 20 లక్షలకు పైనే. వారిలో ఇంటికి పోవాలని ఆత్రపడినవారూ ఉన్నారు, పోకుండా ప్రాణం తీసుకున్నవారూ ఉన్నారు. ఇద్దరినీ ఒకే అంకెలో కలిపేసిన వాక్యం ఎక్కడ కనబడినా అక్కడ ఆగండి.

పటమూ, తేదీల పట్టికా

పుస్తకం పక్కన ఆస్ట్రియా దక్షిణ భాగపు పటం పెట్టుకోకుండా ముందుకు వెళ్లవద్దు. ద్రావా నది పైలోయలో లియెంజ్, దానికి తూర్పున స్పిట్టాల్, ఇంకా తూర్పున క్లాగెన్‌ఫర్ట్, ఆ పక్కనే వెట్రింగ్ శిబిరం, యుగొస్లావియా సరిహద్దులో బ్లైబర్గ్, ఉత్తరాన సోవియట్ సైన్యం నిలిచిన జూడెన్‌బర్గ్. ఇవి గుర్తించాక ఒక్కసారి దక్షిణానికి చూపు దించి ఇటలీలో నేపుల్స్ దగ్గర ఉన్న కసెర్టాను కూడా చుట్టండి. మిత్రరాజ్యాల మధ్యధరా ప్రధాన సైనిక కార్యాలయం అక్కడ ఉండేది. లొంగిపోయినవారు కళ్లెదుట కనిపించేది క్లాగెన్‌ఫర్ట్‌లోని ఐదో కోర్ అనే బ్రిటిష్ సైనిక విభాగపు అధికారులకు. వారికి ఆదేశాలు రావలసింది కసెర్టా నుంచి. ఈ రెండింటి మధ్య దూరమే టాల్‌స్టాయ్ తర్వాతి పుస్తకానికి ప్రాణం.

తర్వాత ఒక కాగితం తీసుకుని మే నెల తేదీలు నిలువుగా రాయండి. ఒక్కో పత్రం ఎదురైనప్పుడల్లా దాన్ని దాని తేదీ ఎదుట చేర్చండి. ముఖ్యమైనవి ఇవి.

మే 13న మధ్యధరా ప్రాంతపు బ్రిటిష్ మంత్రి హెరాల్డ్ మాక్‌మిలన్ క్లాగెన్‌ఫర్ట్‌కు విమానంలో వచ్చి ఐదో కోర్ అధిపతి కీట్లీతో మాట్లాడాడు. ఆనాటి దినచర్యలో ఆయన రాసుకున్నది చదివితే ఒళ్లు జలదరిస్తుంది. కొసాక్కులనూ, శ్వేత రష్యన్లనూ (అంతర్యుద్ధంలో బోల్షెవిక్‌లపై పోరాడి ఓడినవారు) భార్యాబిడ్డలతో సహా అప్పగించడమంటే బానిసత్వానికి, చిత్రహింసకు, బహుశా మరణానికి పంపడమేనని ఆయనకు తెలుసు. ఒప్పుకోకపోతే రష్యన్లు నొచ్చుకుంటారు, యాల్టా ఒప్పందం తప్పినట్టవుతుంది. అప్పగించాలనే నిర్ణయించామని రాశాడు. మర్నాడు, మే 14న, కసెర్టా నుంచి జనరల్ రాబర్ట్‌సన్ ఆదేశం వెలువడింది. రష్యన్లందరినీ సోవియట్‌లకు, జర్మన్ల పక్షాన పోరాడిన యుగొస్లావ్‌లను యుగొస్లావియా కమ్యూనిస్టు నేత టిటో సైన్యానికి అప్పగించమన్నది దాని సారాంశం. అమెరికన్ రాజకీయ సలహాదారు అలెగ్జాండర్ కర్క్ దీనికి నిరసన తెలిపాడు. మే 17న ఫీల్డ్ మార్షల్ అలెగ్జాండర్ పైవాళ్లకు తంతి పంపాడు: వీరిని వెంటనే సొంత దేశాలకు పంపితే వారి ఆరోగ్యానికి ప్రాణాంతకం కావచ్చు అని. ఉన్నతాధికారి భాషలో అది ఎంత పెద్ద కేకో గమనించండి. మే 21న ఐదో కోర్ నుంచి బ్రిగేడియర్ టోబీ లో జారీ చేసిన ఉత్తర్వు, ఎవరిని సోవియట్ పౌరులుగా పరిగణించాలో దళాలవారీగా నిర్ణయించింది. గట్టిగా పట్టుబడితే తప్ప వ్యక్తుల వివరాలు విడిగా చూడనవసరం లేదని అందులో ఉంది.

ఈ తేదీలు ఒక్కచోట కనబడితేనే అసలు చిక్కు బయటపడుతుంది. మే 14 ఆదేశానికీ మే 17 తంతికీ పొత్తు కుదరదు. పైవాడు వేడుకుంటుండగా కింద పని సాగిపోతోంది. టాల్‌స్టాయ్ పేజీల్లో ఈ పత్రాలు ముందువెనకలుగా వస్తాయి, వాదనకు తగినట్టు. మీ పట్టికలో మాత్రం అవి కాలం వరుసలోనే ఉండాలి.

ఎవరు ఎవరో విడదీయండి

పాఠకులు ఎక్కువగా తడబడేది ఇక్కడే. అందుకే ఈ మెట్టు మీద తొందర వద్దంటాను. ద్రావా లోయలో ఉన్నవారంతా ఒకే రకం మనుషులు కారు.

కొందరు నిజంగా సోవియట్ పౌరులు. యుద్ధంలో జర్మన్లకు పట్టుబడి, లేదా జర్మన్లు తమ ప్రాంతాన్ని ఆక్రమించినప్పుడు, వారి పక్షాన చేరినవారు. లియెంజ్ కొసాక్కుల నాయకుడు తిమొఫే దొమనోవ్ ఇటువంటివాడు. మరికొందరు 1920 ప్రాంతంలోనే అంతర్యుద్ధంలో ఓడి దేశం వదిలి, పారిస్‌లోనో బెల్‌గ్రేడ్‌లోనో పాతికేళ్లు బతికినవారు. జనరల్ ప్యోత్ర్ క్రస్నోవ్, జనరల్ అంద్రే ష్కురో ఆ కోవలోనివారు. ష్కురోకు ఆ అంతర్యుద్ధంలోనే బ్రిటిష్ ప్రభుత్వం ఒక ఉన్నత పతకం ఇచ్చింది. వారు ఏనాడూ సోవియట్ పౌరులు కారు. యాల్టా ఒప్పందం సోవియట్ పౌరులకే వర్తిస్తుంది. 1939 సెప్టెంబరు 1 నాటి స్థితిని బట్టి పౌరసత్వం తేల్చాలని బ్రిటన్ తానే గీత గీసుకుంది. ఆ గీత ప్రకారం క్రస్నోవ్‌ను అప్పగించడానికి ఏ ఆధారమూ లేదు. అయినా అప్పగించారు. 1947 జనవరిలో మాస్కోలో క్రస్నోవ్‌నూ, ష్కురోనూ, దొమనోవ్‌నూ, కొసాక్ అశ్వికదళాన్ని నడిపిన జర్మన్ జనరల్ హెల్మూత్ ఫాన్ పన్‌విట్జ్‌నూ ఉరితీశారు.

మూడో వర్గం స్త్రీలు, పిల్లలు, ముసలివాళ్లు. నాలుగో వర్గానికి యాల్టాతో ఏ సంబంధమూ లేదు. స్లొవీన్, క్రొయేషియన్, సెర్బ్ శరణార్థులు, సైనికులు. వెట్రింగ్‌లోని స్లొవీన్ హోంగార్డులను ఇటలీకి తీసుకెళుతున్నామని చెప్పి రైలెక్కించారు. రైళ్లు టిటో సైనికుల చేతుల్లోకి వెళ్లాయి. వేలమందిని కొచెవ్‌స్కి రోగ్ అడవుల్లోని లోతైన గుంతల దగ్గర చంపేశారు.

మరొక మాట కూడా నిజాయితీగా చెప్పుకోవాలి. పన్‌విట్జ్ అశ్వికదళం యుగొస్లావియాలో జర్మన్ల తరఫున గెరిల్లాలపై పోరాడింది, పల్లెలపై పడింది. దొమనోవ్ జనాన్ని జర్మన్లు ఉత్తర ఇటలీలోని కార్నియాలో దించినప్పుడు అక్కడి గ్రామస్థులు తమ ఇళ్లు వదలవలసి వచ్చింది. టాల్‌స్టాయ్ దృష్టి అప్పగింత మీదే ఉంటుంది, అందువల్ల ఈ వైపు మీరు వేరేచోట చదివి పూరించుకోవాలి. ఒకరు నేరం చేసినందువల్ల వారిని విచారణ లేకుండా, భార్యాబిడ్డలతో సహా, మాయమాటలు చెప్పి మృత్యువుకు అప్పగించడం న్యాయం కాదు. అయితే బాధితుణ్ణి మచ్చలేని సాధువుగా చేసుకుని మీ జాలి నిలుపుకున్నారనుకోండి. మొదటి మచ్చ కనబడగానే ఆ జాలి ఎగిరిపోతుంది.

పెన్సిలుతో మూడు గుర్తులు

ఇప్పుడు 1986లో వచ్చిన 'ది మినిస్టర్ అండ్ ది మాసకర్స్' తీయండి. ప్రతి ముఖ్య వాక్యం పక్కన మూడు గుర్తుల్లో ఒకటి పెట్టండి. ఎవరో కళ్లతో చూసి చెప్పినదైతే 'సా', అంటే సాక్ష్యం. కాగితం మీద ఉన్న ఉత్తర్వు, తంతి, దినచర్య అయితే 'ప', అంటే పత్రం. ఆ రెండింటి నుంచి రచయిత లాగిన ముగింపు అయితే 'ఊ', అంటే ఊహ. ఊహ అన్నంత మాత్రాన తక్కువ కాదు, చరిత్రకారుడి పనే అది. కాకపోతే ఏది ఏదో మీకు తెలియాలి.

ఈ పని వంద పేజీలు చేశాక రెండు పుస్తకాలనూ పోల్చి చూడండి. మొదటి పుస్తకంలో 'సా', 'ప' గుర్తులే బారులు తీరతాయి. లియెంజ్‌లో కాపలా కాసిన బ్రిటిష్ సైనికులు, పారిపోయి బతికిన కొసాక్కులు చెప్పిన మాటలు అందులో ఉన్నాయి. రెండో పుస్తకంలో 'ఊ' గుర్తులు చిక్కబడతాయి. ఎందుకంటే ప్రశ్న మారింది. ఏం జరిగింది అన్నది తేలిపోయింది. ఎవరి మనసులో ఏముంది అన్నది మిగిలింది. మాక్‌మిలన్ మే 13న కీట్లీతో నోటిమాటగా ఏం చెప్పాడు? మూడో మనిషి రాసిపెట్టని ఆ సంభాషణ చుట్టూ పెద్ద భవనం లేస్తుంది.

సాక్షుల విషయంలో ఒక నియమం పాటించండి. 30 ఏళ్ల తర్వాత గుర్తు తెచ్చుకుని చెప్పిన సైనికుడు తాను చూసిన ముఖాలను, అరుపులను, తన సిగ్గును మరిచిపోడు. వాటిని నమ్మండి. అదే సైనికుడు ఉత్తర్వు ఏ తేదీన ఎవరు ఇచ్చారో చెబితే మీ తేదీల పట్టికతో సరిచూడనిదే నమ్మవద్దు.

కోర్టు తీర్పును ఎలా చదవాలి

1987లో టాల్‌స్టాయ్ రాసిన ఒక కరపత్రం టోబీ లో మీద, అప్పటికి లార్డ్ ఆల్డింగ్టన్ అయిన పెద్దమనిషి మీద, యుద్ధనేరాల ఆరోపణ చేసింది. ఆల్డింగ్టన్ పరువు నష్టం దావా వేశాడు. 1989 నవంబరు 30న లండన్‌లో జ్యూరీ ఆయన పక్షాన తీర్పు చెప్పి 15 లక్షల పౌండ్ల నష్టపరిహారం నిర్ణయించింది. బ్రిటన్‌లో పరువు నష్టం దావాల్లో అప్పటికి అంత మొత్తం ఎప్పుడూ లేదు. 1995 జులై 13న స్ట్రాస్‌బర్గ్‌లోని యూరప్ మానవ హక్కుల న్యాయస్థానం, ఆ మొత్తం అంత భారీగా ఉండటం భావప్రకటన స్వేచ్ఛకు భంగమని తేల్చింది.

దీని నుంచి జనం రెండు తప్పుడు ముగింపులు తీస్తారు. లండన్ తీర్పు వల్ల అప్పగింతల కథే అబద్ధమైపోయిందనేది ఒకటి. స్ట్రాస్‌బర్గ్ తీర్పు వల్ల టాల్‌స్టాయ్ ఆరోపణ నిజమని తేలిందనేది రెండోది. రెండూ కావు. మొదటి తీర్పు ఒక వ్యక్తి మీద చేసిన ఆరోపణ గురించి. రెండోది శిక్ష పరిమాణం గురించి. లియెంజ్‌లో ఏం జరిగిందన్నది ఆ రెండు న్యాయస్థానాల ముందూ ప్రధాన ప్రశ్న కాదు. లండన్‌లో విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియం ఎదుట ఉన్న యాల్టా బాధితుల స్మారకశిల్పం, పెగ్గెట్జ్‌లోని కొసాక్ శ్మశానం ఆ తీర్పుల ముందూ ఉన్నాయి, తర్వాతా ఉన్నాయి.

కోర్టు కంటే పాఠకుడికి ఎక్కువ ఉపయోగపడేది ఎదుటి పక్షం పుస్తకం. బ్రిగేడియర్ ఆంథొనీ కౌగిల్, మాజీ దౌత్యవేత్త లార్డ్ బ్రిమెలో, పాత్రికేయుడు క్రిస్టఫర్ బుకర్ కలిసి పత్రాలన్నీ గాలించి 1990లో నివేదిక వెలువరించారు. కుట్ర లేదన్నారు వాళ్లు. క్లాగెన్‌ఫర్ట్ చుట్టూ లక్షలాది లొంగిపోయిన సైనికులు, శరణార్థులు ఉన్నారు. టిటో సైన్యంతో ఏ క్షణానైనా యుద్ధం రావచ్చు. రోడ్లు ఖాళీ చేయాలి. ఆ ఒత్తిడిలో జరిగిన పనులివి అని వారి వాదన. బుకర్ 1997లో 'ఎ లుకింగ్-గ్లాస్ ట్రాజెడీ' పేరుతో దాన్ని విస్తరించి రాశారు. ఈ పుస్తకాలకూ అదే పెన్సిలు, అవే మూడు గుర్తులు వాడండి. బ్రిమెలో 1945లో బ్రిటిష్ విదేశాంగ శాఖలో ఈ అప్పగింతల దస్త్రాలే చూసిన అధికారి అన్న సంగతి అంచున రాసుకోండి. టాల్‌స్టాయ్ వలస రష్యన్ల బిడ్డ అన్న సంగతీ రాసుకోండి. ఇద్దరికీ ఆ నెలతో సొంత సంబంధం ఉంది.

నా తీర్పు అడిగితే, కుట్ర మీద టాల్‌స్టాయ్ నన్ను ఒప్పించలేకపోయారు. సోవియట్ పౌరులు కానివారిని తెలిసి అప్పగించారన్న విషయంలో పూర్తిగా ఒప్పించారు. రోడ్లు ఖాళీ చేయాలన్న తొందర క్రస్నోవ్‌కు చెప్పిన అబద్ధాన్ని సమర్థించదు. మీ తీర్పు వేరుగా ఉండవచ్చు. అది మీ పట్టిక నుంచి రావాలి, నా వాక్యం నుంచి కాదు.

ఇక మెర్లిన్ దగ్గరికి

పిడుక్కీ బియ్యానికీ ఒకే మంత్రం పనికిరాదంటారు. టాల్‌స్టాయ్ దగ్గర ఉన్నది మాత్రం ఒకే మంత్రం. చెదిరిన ముక్కలు ఏరి, వాటి వెనక ఒక మనిషిని నిలబెట్టడం. మాక్‌మిలన్ మీద అది ఒక నిందగా మారింది. మెర్లిన్ మీద అది ఒక పునర్జన్మగా మారింది. 1985 నాటి 'ది క్వెస్ట్ ఫర్ మెర్లిన్'ను రెండు యుద్ధ పుస్తకాల తర్వాత చదవమనేది అందుకే. ఆ పద్ధతి మీకు అప్పటికే తెలిసి ఉంటుంది. ఇక్కడ దాని బలం నిర్భయంగా ఆనందించవచ్చు, ఎవరి పరువూ పోదు.

ఆయన వాదన ఇది. మెర్లిన్ అనే మాంత్రికుడు కల్పన కాదు. ఆరో శతాబ్దంలో, ఇప్పటి దక్షిణ స్కాట్లండ్‌లో, క్రైస్తవానికి ముందటి పాత డ్రూయిడ్ మతానికి చివరి ప్రతినిధిగా నిలిచిన ఒక కవి, జోస్యుడు. అర్వ్‌దెరిద్ యుద్ధంలో తన రాజు గ్వెన్‌దొలాయ్ చనిపోవడం చూసి మతి చెదిరి అడవి పట్టాడు. మోఫట్ పట్టణం దగ్గరి హార్ట్ ఫెల్ కొండ, అక్కడి ఊట ఆయన ఆశ్రయం.

చదివేటప్పుడు ఈసారి తేదీల పట్టికలో మూడు నిలువు గళ్లు గీయండి: సంఘటన జరిగిన కాలం, కథ రచించిన కాలం, మనకు దొరికిన రాతప్రతి కాలం. మే 1945లో ఈ మూడూ ఒకే రోజున పడేవి. ఇక్కడ వాటి మధ్య శతాబ్దాలు దూరతాయి. వేల్స్ సంవత్సర వృత్తాంతం ప్రకారం అర్వ్‌దెరిద్ యుద్ధం 573లో జరిగింది. కానీ మెర్లిన్‌కు పిచ్చి పట్టిందన్న మాట 13వ శతాబ్దపు ప్రతిలో చేరినది. పాత ప్రతిలో యుద్ధం ఒక్కటే ఉంది. మిర్దిన్ (మెర్లిన్‌కు వెల్ష్ పేరు) పేరిట ఉన్న వెల్ష్ పద్యాలు 'బ్లాక్ బుక్ ఆఫ్ కార్మార్దెన్' అనే రాతప్రతిలో, 1250 ప్రాంతంలో మనకు దొరుకుతాయి. పద్యాలు అంతకంటే పాతవే, ఎంత పాతవన్నది పండితుల జగడం. తండ్రి లేని బాలుడు, కూలిపోయే కోట, కింద పోరాడే ఎర్ర తెల్ల డ్రాగన్లు ఉన్న కథ 830 ప్రాంతపు 'హిస్టొరియా బ్రిటొనుమ్'లో ఉంది. కానీ ఆ బాలుడి పేరు అక్కడ అంబ్రోసియస్. 1136 ప్రాంతంలో లాటిన్ రచయిత జెఫ్రీ ఆఫ్ మన్మత్ ఆ బాలుణ్ణి తీసుకుని మెర్లిన్ అని పేరు పెట్టి, ఆర్థర్ రాజు కథకు ముడివేశాడు.

గళ్లు నిండాక టాల్‌స్టాయ్ వాదనలో ఏది గట్టిదో, ఏది పలచనో మీకే కనబడుతుంది. గట్టిది ఉత్తరపు భూగోళం. యుద్ధం జరిగినట్టు చెప్పే ఆర్థురెట్, పద్యాల్లోని కెలిద్దాన్ అడవి, రిద్దెర్చ్ రాజు పాలించిన స్ట్రాత్‌క్లైడ్, ఇవన్నీ వేల్స్‌కు దూరంగా ఒకే ప్రాంతంలో కుదురుకుంటాయి. సెయింట్ కెంటిగెర్న్ గాథల్లో లైలోకెన్ అనే పిచ్చి జోస్యుడు విడిగా కనిపించడం కూడా చిన్న విషయం కాదు. పలచనిది డ్రూయిడ్ మతం. ఆరో శతాబ్దంలో అది బతికి ఉందనడానికి ఆయన చూపేవి పోలికలే, పత్రాలు కావు. ఐర్లండ్, గ్రీసు దేశాల నుంచి పోలికలు కుమ్మరిస్తారు. అవి చదవడానికి ఎంతో బాగుంటాయి. ఒక పేజీలో 'అయి ఉండవచ్చు' అన్నది మరో అధ్యాయంలో పునాదిరాయిగా మారిందేమో చూస్తూ ఉండండి. మారిన ప్రతిచోటా 'ఊ' పెట్టండి.

ఎదుటి వాదం కూడా తెలుసుకోవాలి. వెల్ష్ పండితుడు జార్మన్ చెప్పినది: మిర్దిన్ అనే పేరు మనిషి నుంచి కాక ఊరి నుంచి పుట్టింది. కార్మార్దెన్ ఊరి పాత పేరు మొరిదూనుమ్, అంటే సముద్రపు కోట. వెల్ష్‌లో అది అరిగి 'మిర్దిన్' అయింది. దాని ముందు కోట అనే అర్థమున్న 'కాయెర్' మళ్లీ చేరింది. పాత అర్థం మరిచిన జనం 'మిర్దిన్ కోట' అనుకుని, ఆ పేరున్న మనిషిని కల్పించుకున్నారు. ఊరి పేరుకు కథ అల్లుకోవడం మన స్థలపురాణాలు చదివినవారికి కొత్త కాదు. ఈ వాదం నిలిస్తే పేరు పోతుంది. అడవిలోని పిచ్చి కవి మాత్రం లైలోకెన్ రూపంలో మిగులుతాడు. ఈ ఒక్క తేడాను పట్టుకుంటే పుస్తకం సగం చేతికి వచ్చినట్టే.

మిగిలిన పుస్తకాలు

1988లో వచ్చిన 'ది కమింగ్ ఆఫ్ ది కింగ్' నవల. మెర్లిన్ పరిశోధన తర్వాతే చదవండి, పెన్సిలు పక్కన పెట్టేసి. పరిశోధనలో సందేహంగా మిగిలినదంతా అక్కడ రక్తమాంసాలు తొడుక్కుంటుంది. అందులో చదివినదాన్ని మీ పట్టికలోకి మాత్రం ఎక్కించవద్దు.

2016 నాటి 'ది మిస్టరీస్ ఆఫ్ స్టోన్‌హెంజ్' చదివేవారికి ఒక్క సూచన. మెర్లిన్ ఆ రాళ్లను ఐర్లండ్ నుంచి తెచ్చాడని జెఫ్రీ రాశాడు. స్టోన్‌హెంజ్ పెద్ద రాళ్లు జెఫ్రీకి 3,500 ఏళ్ల కంటే ముందే నిలిచాయి. అయినా చిన్న నీలిరాళ్లు పడమటి వేల్స్‌లోని ప్రెసెలీ కొండల నుంచి, 200 కిలోమీటర్లకు పైగా దూరం నుంచి వచ్చాయని 1923లో భూగర్భ శాస్త్రవేత్త థామస్ గుర్తించినప్పటి నుంచి, ఆ కథలో పాత జ్ఞాపకం దాగి ఉందా అన్న ప్రశ్న నడుస్తోంది. 2024లో నడిమి బలిపీఠపు రాయి స్కాట్లండ్ ఈశాన్యం నుంచి వచ్చిందని తేలింది. టాల్‌స్టాయ్ పుస్తకం అంతకు ముందుది కాబట్టి రాళ్ల గురించిన పేజీలను ఈ కొత్త విషయంతో కలిపి చదవాలి.

చివరగా ఒక పని. జెఫ్రీ 1150 ప్రాంతంలో లాటిన్‌లో రాసిన 'వీటా మెర్లిని' 1,500 పంక్తులకు కాస్త పైబడిన కావ్యం. ఇంగ్లిష్ అనువాదాన్ని ఒక సాయంత్రంలో పూర్తి చేయవచ్చు. అందులో మెర్లిన్ సంకెళ్లతో రాజసభలో కూర్చుని, రాణి జుట్టులో చిక్కుకున్న ఆకును రాజు ప్రేమగా తీసి పారేయడం చూసి ఒక్కసారిగా నవ్వుతాడు. ఆ ఆకు ఆమె జుట్టులోకి ఎలా వచ్చిందో ఆయనకు తెలుసు. చెట్ల కింద ఆమె ప్రియుణ్ణి కలుసుకుంది. లైలోకెన్ కథలోనూ ఇదే ఆకు, ఇదే నవ్వు ఉన్నాయి, రాజు పేరు మాత్రం వేరు. రెండు ఘట్టాలనూ పక్కపక్కన పెట్టి, ఏది పాతదని మీకు అనిపిస్తుందో, ఏ పదాన్ని బట్టి అలా అనిపించిందో మీ నోటుపుస్తకంలో రాయండి. ఆ తర్వాతే టాల్‌స్టాయ్ దాని గురించి ఏమన్నారో తెరిచి చూడండి.